తొలి తెర మీద లీలావతి

బొగ్గుబాయి నేల – ఆటపాటల చరిత్ర : 6వ భాగం

గత భాగంలో తోలుబొమ్మల తెర దగ్గర ఆగాం. తెర వెనుక కూర్చొని రాముడికీ రావణుడికీ గొంతు అరువిచ్చిన కుటుంబాలు ఊరూరా తిరిగి ఎలా బతికాయో చూశాం. ఆ కుటుంబాల్లో ఒక శాఖ బొమ్మలను పక్కన పెట్టి తామే వేషం కట్టి ముందుకు వచ్చింది. ఆ శాఖలో పుట్టిన ఒక ఆడబిడ్డ తెలుగు మాట్లాడిన తొలి సినిమాకు కథానాయిక అయింది. ఆమె సురభి కమలాబాయి. ఈ భాగం ఆమెది. ఆమెతో పాటు, ఆమె ఈడుదే అయిన ఒక జపాను నటిది కూడా.

నటీమణుల జీవితాలను మనం చాలావరకు అందం, అదృష్టం, ఆఖరి రోజుల కష్టం అనే మూడు ముక్కల్లో చెప్పి ముగిస్తాం. కమలాబాయి కథను అలా చెబితే అన్యాయం చేసినవాళ్లమవుతాం. ఆమె జీవితం మొదటినుంచి చివరిదాకా ఒక పనిచేసే మనిషి జీవితం. చిన్ననాడే పనిలో చేరి, పని నేర్చుకొని, పనిముట్లు మారినప్పుడల్లా కొత్త పనికి ఒదిగిన శ్రామికురాలి జీవితం. ఇంక్లైన్లలో, ఓపెన్‌కాస్టుల్లో బతుకులు గడిపిన మన గోదావరిఖని, రామగుండం పాఠకులకు ఈ కోణం నుంచి చెబితేనే ఆ కథ పూర్తిగా అందుతుందని నా నమ్మకం.

సమాజమే ఇల్లు

1885లో కడప జిల్లా సురభి అనే పల్లెలో ఒక పెళ్లి సందడి. ఆ సందడిలో వనారస కుటుంబం వాళ్లు 'కీచకవధ' నాటకం ఆడారు. మహారాష్ట్ర వైపు నుంచి తరాల క్రితం దిగివచ్చి తోలుబొమ్మలాటతో బతుకుతున్న కుటుంబం అది. అప్పటిదాకా తెర వెనుకే ఉన్నవాళ్లు మొదటిసారి రంగు పూసుకొని జనం ముందు నిలబడ్డారు. జనం మెచ్చారు. వనారస గోవిందరావు పూనికతో ఆ ఒక్క ఆట ఒక వృత్తిగా స్థిరపడింది. ఊరి పేరే సమాజం పేరయింది. పిల్లలు పెద్దవాళ్లయి పెళ్లిళ్లు చేసుకున్నకొద్దీ సమాజం నుంచి సమాజం పుట్టింది. మంచిరోజుల్లో ముప్పైకి పైగా సురభి సమాజాలు తెలుగు నేలంతా తిరిగాయి.

సరిగ్గా ఆ ఏళ్లలోనే మన నేల కింద ఇంకో కథ మొదలవుతోంది. 1871లో భూగర్భ సర్వేకు చెందిన విలియం కింగ్ ఇల్లందు ప్రాంతంలో బొగ్గు ఉందని గుర్తించాడు. 1886లో హైదరాబాద్ దక్కన్ కంపెనీ ఏర్పడింది. 1889లో ఇల్లందు దగ్గర బొగ్గు తీయడం మొదలైంది. సింగరేణి అనే చిన్న ఊరి పేరు 1920లో కంపెనీకి దక్కి, ఆ తర్వాత దేశమంతా తెలిసిన పేరయింది. రెండు పల్లెల పేర్లు, సురభి, సింగరేణి, పదేళ్ల వ్యవధిలోనే రెండు వృత్తులకు చిరునామాలుగా మారే దారి పట్టాయి. ఒకటి నేల కింద చీకట్లో చేసే పని. మరొకటి రాత్రిపూట దీపాల ముందు చేసే పని. రెంటిలోనూ కుటుంబాలు సామాను మూట కట్టుకొని పని ఉన్న చోటికి కదిలాయి.

సురభి సమాజంలో పనికీ ఇంటికీ మధ్య గోడ ఉండేది కాదు. నాటకశాల వెనుకే కాపురం. పగలు వంట, పిల్లల పెంపకం, తెరలకు రంగులు, నగలకు అద్దకాలు, పాటల సాధన. రాత్రి నాటకం. తాత హార్మోనియం వాయిస్తే, మేనమామ వైరు లాగితే, అత్త ద్రౌపది అయితే, కోడలు సుభద్ర అయ్యేది. 'మాయాబజార్'లో ఘటోత్కచుడి మాయలన్నీ, గాలిలో ఎగిరే పాత్రలు, విడిపోయి కలిసే బాణాలు, మంటలు, వానలు, అన్నీ ఆ కుటుంబం చేతులతో కట్టిన తాళ్లు, కప్పీలు, తీగల మీద నడిచేవి. అందరూ అన్ని పనులూ నేర్చుకోవాల్సిందే. ఎవరికైనా జ్వరం వస్తే ఆ వేషం ఇంకొకరు కట్టాలి. నాటకం ఆగితే పొయ్యి ఆగుతుంది.

1907లో కమలాబాయి పుట్టింది ఆ ఇంట్లోనే. తల్లి నిండు గర్భిణిగా వేషం కట్టి రంగస్థలం మీద ఉండగానే నొప్పులు వచ్చాయని, అక్కడే బిడ్డ పుట్టిందని, చూస్తున్న జనం మొదట అదీ నాటకంలో భాగమే అనుకున్నారని సురభి కుటుంబాల్లో తరాలుగా చెప్పుకుంటారు. ఆ కథను ముచ్చటగా చెప్పుకోవడం మామూలే. అయితే అందులో ఉన్న కఠినమైన నిజాన్ని కూడా చూడాలి. నెలలు నిండిన మనిషి ఆ రాత్రి రంగు పూసుకోక తప్పలేదు. సెలవు అనే మాట ఆ వృత్తిలో లేదు.

బిడ్డకు నడక వచ్చేసరికి వేషం సిద్ధంగా ఉంటుంది. బాలకృష్ణుడు, ప్రహ్లాదుడు, లవకుశులు, ఇవి సురభి పిల్లల బడిలో మొదటి పాఠాలు. కమలాబాయి ఆ పాఠాలన్నీ దాటి వచ్చారు. పద్యాన్ని ఎక్కడ విరవాలి, రాగాన్ని ఎంతసేపు నిలపాలి, చివరి వరసలో కూర్చున్న కూలిమనిషికి మాట ఎలా చేరాలి, ఇవన్నీ ఆమెకు పుస్తకం లేకుండా వచ్చిన విద్యలు. సురభిలో ఆడవాళ్లు మగవేషాలు కూడా కడతారు. మగ గొంతులోని బరువు, ఆడ గొంతులోని ఒంపు, రెండూ ఆమెకు చేతిలో పనే.

ఆడవేషం ఎవరిది?

సురభి చేసిన పనిలోని తెగువ అర్థం కావాలంటే ఆనాటి మిగతా తెలుగు రంగస్థలాన్ని చూడాలి. పట్టణాల నాటక సమాజాల్లో స్త్రీ పాత్రలు వేసేది మగవాళ్లే. ఆ కళలో మహానుభావులు ఉన్నారు. స్థానం నరసింహారావు సత్యభామగా జడ చేతపట్టుకొని వస్తే ఇంట్లో ఆడవాళ్లు ఆ నడకను చూసి నేర్చుకున్నారని చెప్పుకునేవారు. 1956లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. ఆ విద్యను ఎవరూ తక్కువ చేయలేరు. కాని ఆ ఏర్పాటు వెనుక ఒక నిషేధం ఉంది. పదిమంది ముందు నిలబడి పాడే ఆడదానికి సంసారి అనే పేరు దక్కదు. కాబట్టి సంసారుల ఆడవాళ్లు రంగస్థలం ఎక్కరు. ఎక్కినవాళ్లను ఊరు ఒక చూపు చూస్తుంది.

ఇది మన ఒక్క దేశపు గొడవ కాదు. జపానులో కబుకి అనే నాటక ప్రక్రియకు ప్రాణం పోసిందే ఒక స్త్రీ. 1603 ప్రాంతంలో ఒకుని అనే నర్తకి క్యోటోలో తన బృందంతో ఆడిన ఆటల నుంచి అది పుట్టింది. 1629లో ప్రభుత్వం స్త్రీలు కబుకి ఆడకూడదని నిషేధించింది. ఆ తర్వాత రెండున్నర శతాబ్దాలు ఆడవేషాలన్నీ మగవాళ్ల చేతిలోకి పోయాయి. ఆడది పుట్టించిన ఆటలో ఆడదానికే చోటు లేకుండా పోయింది.

ఆ తలుపు మళ్లీ తెరుచుకోవడానికి కవాకమి సదయక్కో వంటివాళ్లు కావలసి వచ్చింది. 1899లో భర్త బృందంతో అమెరికాకు, అక్కడినుంచి ఐరోపాకు వెళ్లి నటించి పేరు తెచ్చుకొని, 1908లో టోక్యోలో ఆడవాళ్లకు నటన నేర్పే బడి పెట్టారామె. 1911లో మత్సుయి సుమాకో ఇబ్సెన్ నాటకంలో నోరా పాత్ర వేస్తే జపాను పట్టణాలు ఊగిపోయాయి. ఇల్లు విడిచి తలుపు వేసి వెళ్లిపోయే భార్య పాత్రను నిజమైన స్త్రీ గొంతులో వినడం వాళ్లకు కొత్త. సినిమా వచ్చాక కూడా అక్కడ 1920ల తొలినాళ్ల దాకా మగవాళ్లే చాలా చిత్రాల్లో స్త్రీ పాత్రలు వేశారు.

ఈ లెక్కలో చూస్తే 1885 నాటి సురభి పల్లె ఎంత ముందుందో తెలుస్తుంది. ఏ సంస్కర్త ఉపన్యాసమూ లేకుండా, ఏ బడీ పెట్టకుండా, ఒక సంచార కుటుంబం తన ఆడబిడ్డలను ఆడవేషాల్లో నిలబెట్టింది. కారణం ఆదర్శం కన్నా అవసరం. సమాజం అంటే కుటుంబమే అయినప్పుడు సగంమంది చేతులు కట్టుకొని కూర్చుంటే పూట గడవదు. పైగా భర్త, అన్న, తండ్రి అదే రంగస్థలం మీద ఉన్నారు కాబట్టి వెలివేసే ఊరి మాట తగలకుండా వాళ్ల చుట్టూ ఒక కంచె ఉంది. ఆ కంచె లోపల స్త్రీల నటన దాదాపు యాభై ఏళ్ల పాటు పెరిగింది. 1931లో సినిమాకు గొంతు వచ్చి, పాడగల, మాట్లాడగల, జనం ముందు జంకని తెలుగు స్త్రీ కావలసి వచ్చినప్పుడు, ఆ కంచె లోపలినుంచే ఆమె వచ్చింది.

ఒక్క మైకు ముందు

1931 మార్చి 14న బొంబాయిలో 'ఆలం ఆరా' విడుదలైంది. బొమ్మ మాట్లాడటం మొదలుపెట్టింది. ఆ ఊపులో ఏ భాషకు ఆ భాషలో మాట్లాడే చిత్రం తీయాలన్న తొందర స్టూడియోలకు పట్టుకుంది. హెచ్.ఎం.రెడ్డి తెలుగులో 'భక్త ప్రహ్లాద' తలపెట్టారు. ధర్మవరం రామకృష్ణమాచార్యుల నాటకం జనానికి బాగా తెలిసినదే. సురభి వాళ్లు ఆడినదే. మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడు. సింధూరి కృష్ణారావు ప్రహ్లాదుడు. ప్రహ్లాదుడి తల్లి లీలావతి కమలాబాయి. చండామార్కుల దగ్గర చదివే మొద్దు శిష్యుడిగా ఒక కుర్రవాడు కనిపిస్తాడు. అతనే తర్వాతి కాలంలో ఎల్.వి.ప్రసాద్‌గా, దర్శక నిర్మాతగా దేశానికి తెలిసినవాడు.

పాటలు రాసినది చందాల కేశవదాసు. ఖమ్మం జిల్లా జక్కేపల్లిలో 1876లో పుట్టిన కవి. అంటే సింగరేణి బొగ్గు మొదట బయటపడిన ఉమ్మడి ఖమ్మం జిల్లా నుంచే తెలుగు సినిమాకు తొలి పాటల కవి వెళ్లాడు. హరికథలు చెప్పి, నాటకాలు రాసి, అష్టావధానాలు చేసి పల్లెల్లో పేరు తెచ్చుకున్నవాడు. తొలి తెలుగు చిత్రమంటే కోస్తా పట్టణాల, బొంబాయి స్టూడియోల కథగానే చెప్పుకునే అలవాటు ఉంది. మన వైపు గడ్డ మీద పుట్టిన మాట ఆ చిత్రంలో ఉందని మన పిల్లలకు చెప్పాలి.

ఆనాటి చిత్రీకరణ ఎలా ఉండేదో తెలిస్తే కమలాబాయి చేసిన పని బరువు తెలుస్తుంది. పాటను ముందుగా రికార్డు చేసుకొని తర్వాత పెదవులు కదిపే పద్ధతి అప్పటికి లేదు. నటించేటప్పుడే పాడాలి. పాడేటప్పుడే నటించాలి. హార్మోనియం, తబలా వాయించేవాళ్లు కెమెరాకు కనపడకుండా పక్కనే నక్కి కూర్చుంటారు. మైకు ఎక్కడ ఉందో గుర్తు పెట్టుకొని, దానికి దూరం కాకుండా, దానివైపు చూడకుండా కదలాలి. ఎవరు దగ్గినా, ఏ శబ్దం వచ్చినా మొత్తం మళ్లీ మొదటికే. చరణం మధ్యలో తప్పు వస్తే అతికించే వీలు లేదు.

రంగస్థలం మీద గొంతెత్తి పాడటం అలవాటైన మనిషి. మైకులు లేని నాటకశాలలో చివరి వరస దాకా పాట చేరాలంటే గుండెల నిండా గాలి పీల్చి పాడాలి. అదే గొంతును ఈ యంత్రం ముందు అదుపులో పెట్టాలి. ముఖకవళికలు నాటకంలో పెద్దవిగా ఉండాలి, తెర మీద అవే మోటుగా కనిపిస్తాయి. ఎదురుగా జనం లేరు. చప్పట్లు లేవు. 'మళ్లీ పాడాలి' అని ఒన్స్‌మోర్ కొట్టే గొంతులు లేవు. వాటికి బదులు గట్టి దీపాల వేడి. అప్పటికి నేర్పే గురువులు ఎవరూ లేరు, ఎందుకంటే ఆ పని అంతకుముందు తెలుగులో ఎవరూ చేయలేదు. నిలబడి, చేసి చూపించినది ఆమే.

1932 ఫిబ్రవరి 6న బొంబాయి కృష్ణా థియేటర్లో 'భక్త ప్రహ్లాద' విడుదలైంది. చాలాకాలం పుస్తకాల్లో 1931 సెప్టెంబరు 15 అన్న తేదీ తిరిగింది. పాత్రికేయ పరిశోధకుడు రెంటాల జయదేవ ఆనాటి పత్రికలను, సెన్సారు వివరాలను వెతికి అసలు తేదీని నిలబెట్టారు. చరిత్ర రాసేవాళ్లకు ఇది మంచి పాఠం. వెతికితే దొరికే కాగితం ఉన్నప్పుడు నోటిమాటతో ఆగిపోకూడదు.

ఆ ఏడాదే సాగర్ సంస్థ, సర్వోత్తం బాదామి దర్శకత్వంలో, 'పాదుకా పట్టాభిషేకం', 'శకుంతల' తీసింది. రెంటిలోనూ కమలాబాయి. అద్దంకి శ్రీరామమూర్తి రాముడైతే ఆమె సీత. యడవల్లి సూర్యనారాయణ దుష్యంతుడైతే ఆమె శకుంతల. 1933లో పోతిన శ్రీనివాసరావు తీసిన 'పృథ్వీపుత్ర'లోనూ ఆమె నటించారు. తెలుగు టాకీ తొలి అడుగులు వేస్తున్న రోజుల్లో వరసగా ప్రధాన పాత్రలు ఆమెను వెతుక్కుంటూ వచ్చాయి. తర్వాత బొంబాయిలోనే కొన్నేళ్లు ఉండి హిందీ చిత్రాల్లో కూడా నటించారు. తెలుగు నాటక సమాజపు గుడారంలో పెరిగిన మనిషి, పరభాషా స్టూడియోలో తన కాళ్ల మీద తాను నిలబడి సంపాదించుకున్నారు.

సముద్రానికి ఆవలి ఒడ్డున

కమలాబాయి బొంబాయిలో మైకు ముందు నిలబడటానికి కొద్ది నెలల ముందే, 1931 ఆగస్టు 1న, టోక్యోలో జపాను తొలి విజయవంతమైన టాకీ విడుదలైంది. గోషో హెయినోసుకే దర్శకుడు. పక్కింటి నుంచి వచ్చే జాజ్ పాటల హోరులో పని చేసుకోలేక తంటాలు పడే ఒక నాటక రచయిత కథ అది. రచయిత భార్యగా నటించినది తనాకా కినుయో.

తనాకా 1909లో షిమొనొసెకి ఊళ్లో పుట్టారు. జపాను ప్రధాన ద్వీపం పడమటి కొస అది. ఎదురుగా సన్నటి సముద్రపాయ. దాటితే క్యూషూ ద్వీపం, మోజి రేవు. ఆ రేవు నుంచి ఓడలకు ఎక్కేది చికుహో గనుల బొగ్గు. చికుహోలో చాలాకాలం భార్యాభర్తలు జంటగా గనిలోకి దిగేవారు. భర్త బొగ్గు కొడితే, భార్య తట్టలోకి, బండిలోకి ఎత్తి ఇరుకు సొరంగాల గుండా లాగేది. యమమోతో సకుబెయి అనే గని కార్మికుడు ముసలితనంలో కుంచె పట్టి ఆ బతుకును వందల బొమ్మలుగా గీశాడు. 2011లో యునెస్కో ఆ బొమ్మలను ప్రపంచ స్మృతి జాబితాలో చేర్చింది. తట్టా చెమ్మస్‌తో బొగ్గు నింపిన తరం ఇంకా మన కాలనీల్లో ఉంది. ఆ బొమ్మలు చూస్తే వాళ్లు ఒక్కొక్క భంగిమను గుర్తుపడతారు.

తనాకా ఇంటికి డబ్బు ఇబ్బంది. చిన్నప్పుడే బివా అనే తంత్రీ వాద్యం నేర్చుకున్నారు. కుటుంబం ఒసాకా చేరాక, పది పన్నెండేళ్ల ప్రాయంలో, బివా వాయిస్తూ పాడి ఆడే బాలికల సంగీత నాటక బృందంలో చేరారు. 1924లో, పదిహేనేళ్లయినా నిండకముందే, షోచికు స్టూడియోలో నటిగా అడుగుపెట్టారు. కమలాబాయిలాగే ఆమె కూడా ఆటపాటల కూలిగా మొదలైన పిల్లే. ఆ శిక్షణే టాకీ రాగానే అక్కరకు వచ్చింది. మూగచిత్రాల తారల్లో గొంతు నప్పక వెనుకబడ్డవాళ్లు చాలా దేశాల్లో ఉన్నారు. పాట, మాట కలిసి నేర్చుకున్నవాళ్లు మాత్రం నిలబడ్డారు.

తర్వాతి ముప్పై ఏళ్లు జపాను సినిమాలో తనాకా లేని గొప్ప అధ్యాయం లేదు. మిజొగుచి కెంజి తీసిన 'ఒహరు జీవితం' 1952లో, 'ఉగెత్సు' 1953లో, 'సన్షో' 1954లో వచ్చాయి. మూడింటిలోనూ బాధను మోసే స్త్రీ ఆమె. బయట మాత్రం అన్నిసార్లూ అంత గౌరవం దక్కలేదు. 1949లో జపాను సద్భావన ప్రతినిధిగా అమెరికా వెళ్లి, మరుసటి ఏడాది నల్లద్దాలు పెట్టుకొని, జనానికి ముద్దులు విసురుతూ తిరిగొస్తే, పత్రికలు ఆమెను దుమ్మెత్తి పోశాయి. యుద్ధంలో ఓడిన దేశపు కోపమంతా ఒక నటి నడక మీద పడింది. ఆమె కుంగి, లేచి, మళ్లీ పనిలోకి వచ్చారు.

గొంతు వేరు, ముఖం వేరు

1935లో హిందీలో 'ధూప్ ఛావ్' చిత్రం నేపథ్యగానానికి దారి తీసింది. మెల్లగా దేశంలోని అన్ని భాషల్లోకీ ఆ పద్ధతి వచ్చింది. పాడేది ఒకరు, పెదవులు కదిపేది ఒకరు. ప్రేక్షకులకు దీనివల్ల గొప్ప పాటలు దొరికాయి. కాని రంగస్థలం నుంచి వచ్చిన నటీమణుల మీద ఈ మార్పు ఎలా పడిందో ఆలోచించండి. పద్యం పాడగల గొంతు, తాళం తప్పని నటన, ఇవి రెండూ ఒకే మనిషిలో ఉండటమే వాళ్ల నైపుణ్యం. ఆ నైపుణ్యాన్ని యంత్రం రెండుగా చీల్చింది. చీలాక రెండు ముక్కలకూ వేరువేరు కూలీ, వేరువేరు పోటీ. ముఖం కావలసిన చోట వయసు చూస్తారు. గొంతు కావలసిన చోట కొత్త గొంతు చూస్తారు.

మన బాయిల్లో ఇది కొత్త సంగతి కాదు. బొగ్గు ఎత్తే ఎస్‌డీఎల్ యంత్రాలు దిగాక కోల్ ఫిల్లర్ చేతిలోని పనితనం ఏమైందో ఇక్కడ ప్రతి ఇంటికీ తెలుసు. తట్ట బరువు తగ్గినందుకు ఒంటికి సుఖమే. కాని ఆ తట్టతో పాటే వేల పోస్టులు పోయాయి. యంత్రం చెడ్డదని కాదు. యంత్రం వచ్చినప్పుడు మనిషి నేర్చిన విద్యకు ఎవరు విలువ కడతారన్నదే ప్రశ్న. స్టూడియోలోనూ, బాయిలోనూ ఆ ప్రశ్న ఒక్కటే.

కమలాబాయి దానికి తన పద్ధతిలో జవాబు చెప్పారు. కథానాయిక వేషాలు పోయినా నటన వదలలేదు. 1951లో విజయా సంస్థ, కె.వి.రెడ్డి దర్శకత్వంలో, 'పాతాళ భైరవి' తీసింది. ఎన్.టి.రామారావు తోటరాముడు. ఎస్.వి.రంగారావు నేపాళ మాంత్రికుడు. తోటరాముడి తల్లి కమలాబాయి. ఇరవై ఏళ్ల క్రితం ప్రహ్లాదుడి తల్లి, ఇప్పుడు తోటరాముడి తల్లి. రాజకుమారిని కోరిన కొడుకు తలకు మించిన పందెం కాస్తుంటే బెంగతో తల్లడిల్లే పేదరాలు. ఆ చిత్రంలో మాయలు, మంత్రాలు, దీవులు, రాజభవనాలు ఎన్ని ఉన్నా, కథకు నేల మీద బరువునిచ్చేది ఆ తల్లి ఇల్లే. ఈ కొడుకు ఎవరింటి పిల్లవాడో మనకు ఆమె వల్లే తెలుస్తుంది. అతను గెలవాలని మనం కోరుకోవడానికి సగం కారణం ఆమె కళ్లలోని భయం.

ఆ చిత్రాన్ని ఎన్నోసార్లు చూసినవాళ్లు కూడా ఆమె పేరు అడిగితే తడబడతారు. తెలుగు తెర మీద తొలి కథానాయిక ఆమేనని చెబితే ఆశ్చర్యపోతారు. తల్లి వేషం వేసే నటి పేరు గుర్తుంచుకోకపోవడం మన అలవాటు.

తనాకా కూడా తల్లి పాత్రలకు మళ్లారు. 1958లో కినోషిత కెయిసుకే తీసిన 'నరయమ' కథలో డెబ్బై ఏళ్ల ముసలమ్మ వేషం వేశారు. అప్పటికి ఆమెకు యాభై ఏళ్లు కూడా లేవు. 1975లో బెర్లిన్ ఉత్సవంలో, 'సందకన్ 8' చిత్రంలో ముసలి స్త్రీ పాత్రకు, ఉత్తమ నటి బహుమతి అందుకున్నారు. అంతకన్నా పెద్ద మాట ఇంకొకటి ఉంది. 1953లో ఆమె దర్శకురాలై, 1962లోపు ఆరు చిత్రాలు తీశారు. సరిగ్గా అదే 1953లో మన భానుమతి 'చండీరాణి'కి దర్శకత్వం వహించారు. కెమెరా ముందు ఏళ్ల తరబడి చూసి నేర్చుకున్న స్త్రీలు కెమెరా వెనక్కి వెళ్లగలరని ఇద్దరూ చూపించారు.

కమలాబాయికి ఆ అవకాశం రాలేదు. ప్రతిభలో ఆమె తక్కువ కాదు. తనాకా వెనుక ఏళ్లకు ఏళ్లు ఒకే స్టూడియో అండ, నెలజీతం ఉన్నాయి. కమలాబాయి వెనుక ఉన్నది రోజు రోజుకూ చిక్కిపోతున్న ఒక సంచార సమాజం. పనిచేసే మనిషి ఎంత ఎత్తుకు ఎదుగుతుందన్నది ఆమె కాళ్ల కింద ఉన్న నేల మీద కూడా ఆధారపడుతుంది.

1971 మార్చి 30న కమలాబాయి కన్నుమూశారు. ఆడవేషానికి పర్యాయపదమైన స్థానం నరసింహారావు పోయినదీ 1971లోనే. ఆడవాళ్లు రాకూడని రంగస్థలానికి ఆయన కిరీటం. వస్తే ఏం చేయగలరో ఆమె నిదర్శనం. ఇద్దరూ ఒకే ఏడాది వెళ్లిపోవడంతో తెలుగు నటనలో ఒక శకం ముగిసింది. తనాకా 1977 మార్చి 21న కాలం చేశారు.

మన లెక్కల పుస్తకంలో ఆమె పేరు

బొగ్గు నేల చరిత్రలో ఈ నటీమణులకు చోటెందుకని ఎవరైనా అడగవచ్చు. జవాబు మన బాయిల్లోనే ఉంది. 1952 గనుల చట్టం 46వ సెక్షన్ స్త్రీలను భూగర్భ గనుల్లో పనిచేయకుండా ఆపింది. 2019లో కేంద్రం షరతులతో ఆ తలుపు తెరిచింది. దిగగలదా లేదా అన్నది ఆడమనిషిని అడిగి తేల్చిన నిర్ణయం కాదు. 1629లో జపానులో స్త్రీలను కబుకి నుంచి తరిమినప్పుడు కూడా ఎవరూ వాళ్లను అడగలేదు. వాళ్ల మేలు కోసమే అన్నారు, నీతి కోసమే అన్నారు. ఒక పని నుంచి స్త్రీని పక్కకు పెట్టడం, తర్వాత ఆమెకు ఆ పని రాదనడం, రెండూ ఒకదాని వెంట ఒకటి నడుస్తాయి. కమలాబాయి వంటి ఒక్కరు పని చేసి చూపిస్తే ఆ రెండో మాట కూలిపోతుంది.

మన కాలనీల్లోనూ నాటకాలు ఆడారు. దసరాకు, మేడే రోజున, యూనియన్ సభల్లో కార్మికులే వేషాలు కట్టారు. పౌరాణికం ఆడితే, స్త్రీ పాత్రకు బయటి ఊళ్ల నుంచి నటీమణిని కాంట్రాక్టు మీద పిలిపించడం తెలుగు నాటక సమాజాలన్నిటా ఉన్న పద్ధతే. ఆమె బస్సు దిగి, తన నగలపెట్టె తానే మోసుకొని వచ్చి, రిహార్సలు లేకుండానే తెల్లవార్లూ పద్యాలు పాడి, మాట్లాడుకున్న డబ్బు తీసుకొని వెళ్లిపోతుంది. కరపత్రం మీద హీరోల పేర్లు పెద్దవి, ఆమె పేరు చిన్నది. మరుసటి ఏటికి ఆ కరపత్రం కూడా ఉండదు. కమలాబాయికి తొలి కథానాయిక అన్న ఒక్క మాటైనా మిగిలింది. ఈ నటీమణులకు అదీ మిగలలేదు.

అందుకే ఈ భాగం చదివినవాళ్లను ఒక పని కోరుతున్నాను. మీ ఇంట్లో, మీ యూనియన్ ఆఫీసు బీరువాలో, రిటైరైన మీ నాన్న ట్రంకుపెట్టెలో పాత నాటకాల కరపత్రాలు, ఫొటోలు, ఆహ్వాన పత్రికలు ఉంటే పారేయకండి. ఫొటో వెనుక ఏ ఏడాది, ఏ కాలనీ, ఏ నాటకం, ఎవరెవరన్నది రాసి పెట్టండి. స్త్రీ పాత్ర వేసిన ఆమె పేరు తెలిసినవాళ్లు ఇంకా ఉన్నారు, కనుక్కొని ముందు అది రాయండి. రెంటాల జయదేవ ఒక తేదీ కోసం పాత పత్రికలు తిరగేస్తే తెలుగు సినిమా పుట్టినరోజే మారింది. మన కాలనీల ఆటపాటల చరిత్రకు కావలసిన కాగితాలు మన ఇళ్లలోనే ఉన్నాయి. అవి బయటికి వస్తే ఈ నేల మీద పనిచేసినవాళ్ల లెక్క సరిగ్గా తేలుతుంది. బాయి దిగినవాళ్లతో పాటు వేదిక ఎక్కినవాళ్ల పేర్లూ ఆ లెక్కలో చేరతాయి.

(వచ్చే భాగంలో: సురభి కంచె దాటి రంగస్థలం ఎక్కిన స్త్రీలు. బళ్లారి రాఘవ పోరాటం, ఆయన పక్కన నటించిన కొమ్మూరి పద్మావతీదేవి.)